అమ్రాబాద్ మండలం: తరచుగా అడిగే ప్రశ్నలు

అమ్రాబాద్ గురించి అడిగేవాళ్లు రకరకాలు. శ్రీశైలం పోతూ దారిలో అడవి చూసి అడిగేవాళ్లు కొందరు, కొత్తగా ఇక్కడికి బదిలీ మీద వచ్చిన ఉద్యోగులు కొందరు. పోటీ పరీక్షలకు చదివే పిల్లలు, పట్టా కోసం ఆఫీసుల చుట్టూ తిరిగే మా ఊళ్ల మనుషులు కూడా అడుగుతుంటారు. అందరికీ పనికొచ్చేలా జవాబులు ఒక్కచోట పెట్టాం. ఒక్క మాట ముందే చెప్పాలి. మిగతా మండలాల్లో ఊరికి పంచాయతీ, తహసీల్దార్ ఉంటే చాలు. ఇక్కడ ఒకే ఎకరం భూమి మీద పంచాయతీ, అటవీ శాఖ, ఐటీడీఏ (గిరిజనుల అభివృద్ధి చూసే ప్రభుత్వ సంస్థ) మూడింటి మాటా నడుస్తుంది. ఇక్కడి జనం ఇబ్బందుల్లో సగం ఏ పనికి ఎవరి దగ్గరికి పోవాలో తెలియక వచ్చేవే.

అమ్రాబాద్ ఎక్కడుంది? ఇప్పుడు ఏ జిల్లా కిందికి వస్తుంది?

నల్లమల అడవిలో, కృష్ణా నదికి ఉత్తరాన ఉంది. 2016 అక్టోబరు 11 దాకా మహబూబ్‌నగర్ జిల్లా. ఆ రోజు, దసరా నాడు, కొత్త జిల్లాలు ఏర్పడ్డాయి. అప్పటి నుంచి నాగర్‌కర్నూల్ జిల్లా, అచ్చంపేట రెవెన్యూ డివిజన్. ఓటు వేసేది అచ్చంపేట అసెంబ్లీ స్థానానికి, నాగర్‌కర్నూల్ లోక్‌సభ స్థానానికి. రెండూ ఎస్సీ రిజర్వుడే.

పాతకాలం వాళ్లు ఇప్పటికీ "మాది పాలమూరు జిల్లా" అనే అంటారు. వలస పోయిన ఊళ్లలో కూడా ఆ పేరుతోనే మమ్మల్ని గుర్తుపడతారు.

మన్ననూరు నుంచి శ్రీశైలం దాకా కనిపించే అడవంతా ఈ మండలమేనా?

హైవే వెంట చాలా మటుకు అవును. హైదరాబాద్ నుంచి వచ్చే 765 నంబరు జాతీయ రహదారి డిండి, హాజీపూర్ దాటి ఘాటెక్కితే మన్ననూరు వస్తుంది. అక్కడి నుంచి ఫరహాబాద్, వటవర్లపల్లి, దోమలపెంట, ఈగలపెంట మీదుగా కృష్ణ దాకా పోతుంది. మండల కేంద్రం అమ్రాబాద్ మాత్రం హైవే మీద లేదు. మన్ననూరు దగ్గర పక్కకు తిరిగి పోవాలి. అందుకే ఏటా ఈ దారిన పోయే లక్షల మంది యాత్రికుల్లో అమ్రాబాద్ ఊరిని చూసినవాళ్లు తక్కువ.

పదర ఊరు, మద్దిమడుగు ఆంజనేయస్వామి గుడి ఒకప్పుడు ఈ మండలంలోనే ఉండేవి. 2016లో పదర వేరే మండలమైంది. లింగాల, అచ్చంపేట, బల్మూర్ మండలాల్లోనూ నల్లమల ఉంది. కాబట్టి అమ్రాబాద్ అడవి వేరు, అమ్రాబాద్ మండలం వేరు.

దోమలపెంట, ఈగలపెంట పేర్లు మారాయా?

మారాయి. దోమలపెంట బ్రహ్మగిరి అయింది, ఈగలపెంట కృష్ణగిరి అయింది. బస్సులో టికెట్ అడిగేటప్పుడు పాత పేరు చెప్పినా కండక్టరుకు తెలుస్తుంది. కాగితాలు రాయించుకునేటప్పుడు మాత్రం రెండు పేర్లూ రాయించుకోవడం మంచిది.

అమ్రాబాద్‌ను పీఠభూమి అని ఎందుకంటారు?

చుట్టూ లోతుగా ఉండి మధ్యలో ఎత్తుగా, చదునుగా ఉంది కాబట్టి. దక్షిణాన, తూర్పున కృష్ణ లోయ. ఉత్తరాన డిండి వాగు. ఆ వాగు అవతల దేవరకొండ వైపు నల్గొండ జిల్లా మొదలవుతుంది. ఈ పీఠభూమి రెండు మెట్ల అరుగు లాంటిది. కింది మెట్టు మీద అమ్రాబాద్, పదర, మన్ననూరు ఉన్నాయి. ఎత్తు సుమారు 600 మీటర్లు. ఇక్కడే చేలు, చెరువులు, పెద్ద ఊళ్లు. పై మెట్టు ఫరహాబాద్ వైపు. ఎత్తు 800 మీటర్లు దాటుతుంది. అంతా అడవి, మధ్య మధ్యలో చెంచు పెంటలు, అంటే చెంచు గిరిజనుల గూడేలు.

ఎండాకాలం అచ్చంపేటలో ఉక్కపోతతో వేగిపోయి ఘాటెక్కినవాళ్లకు తేడా ఒంటికే తెలుస్తుంది. అడవి ఆకురాల్చే రకం. నల్లమద్ది, ఏగిస, తునికి, ఇప్ప, మొర్రి చెట్లు, వెదురు ఎక్కువ. మార్చిలో కొమ్మలన్నీ మోడుబారి, తొలకరి పడగానే నాలుగైదు రోజుల్లో పచ్చబడతాయి. మార్చి, ఏప్రిల్ అంటే అగ్గి భయం. ఒక్క బీడీ ముక్క చాలు. దారిన పోయేవాళ్లు ఆ నెలల్లో కారు ఆపి పొయ్యి పెట్టడం, సిగరెట్ విసరడం దయచేసి మానండి.

పక్కనే కృష్ణ ఉంటే నీళ్లకు కరువెందుకు?

మా ఊళ్లలో ఎక్కువసార్లు వినిపించే ప్రశ్న ఇదే. అడిగే హక్కు కూడా మాకే ఎక్కువ. నది మా పక్కన లేదు, మా కింద ఉంది. దోమలపెంట దగ్గర ఆక్టోపస్ వ్యూపాయింట్‌లో నిలబడి చూస్తే సంగతి అర్థమవుతుంది. కొండల మధ్య మెలికలు తిరిగిన శ్రీశైలం జలాశయం నీళ్లు కిందెక్కడో కనిపిస్తాయి. ఆ నీళ్లు పైకి రావాలంటే వందల మీటర్లు ఎత్తిపోయాలి. మధ్యలో ఉన్నది పులుల అడవి. కాలువ తవ్వాలన్నా, పైపు వేయాలన్నా, కరెంటు లైను లాగాలన్నా అటవీ అనుమతులు కావాలి.

కల్వకుర్తి ఎత్తిపోతల కొల్లాపూర్ వైపు ఇదే జలాశయం నుంచి నీళ్లు తీసి దిగువ మండలాలకు ఇస్తుంది. అమ్రాబాద్ పీఠభూమికి ఆ కాలువలు ఎక్కలేదు. ఉమామహేశ్వర ఎత్తిపోతల పేరు ఏళ్లుగా వింటున్నాం. ఇప్పటికీ ఇక్కడి రైతుకు దిక్కు వానలు, చెరువులు, బోర్లు. అందుకే పత్తి, ఆముదం, వేరుశనగ, జొన్న, కంది లాంటి మెట్ట పంటలే ఎక్కువ.

తాగునీళ్ల సంగతి కొంత మెరుగు. మిషన్ భగీరథ పైపులు పెద్ద ఊళ్లకు వచ్చాయి. లోపలి పెంటల్లో మాత్రం ఎండాకాలం చెలిమలే ఆధారమయ్యే రోజులు ఇంకా ఉన్నాయి.

ఎస్సెల్బీసీ సొరంగం ఇక్కడిదేనా? అది ఎవరి కోసం?

ఎస్సెల్బీసీ అంటే శ్రీశైలం ఎడమగట్టు కాలువ. దాని సొరంగం మొదలయ్యేది దోమలపెంట దగ్గర. బయటికి వచ్చేది అచ్చంపేట వైపు మన్నెవారిపల్లి దగ్గర. మొత్తం పొడవు దాదాపు 44 కిలోమీటర్లు. శ్రీశైలం జలాశయం నుంచి 30 టీఎంసీల నీళ్లను ఎత్తిపోతల అవసరం లేకుండా, వాలు మీదనే నల్గొండ ఫ్లోరైడ్ ప్రాంతాలకు తీసుకుపోవడం దీని ఉద్దేశం. పనులకు 2005లో అనుమతి వచ్చింది.

ఇన్నేళ్లు ఎందుకు పట్టిందని అడుగుతారు. పైనంతా పులుల అభయారణ్యం కాబట్టి మధ్యలో ఎక్కడా బావుల్లాంటి మార్గాలు తవ్వడానికి వీల్లేదు. రెండు చివరల నుంచే తవ్వాలి. లోపల యంత్రం చెడితే, నీటి ఊట తగిలితే, మనుషులు గానీ సామాను గానీ కిలోమీటర్ల కొద్దీ అదే దారిలో పోయి రావాలి. 2025 ఫిబ్రవరి 22న దోమలపెంట వైపు లోపల దాదాపు 14వ కిలోమీటరు దగ్గర పైకప్పు కూలి ఎనిమిది మంది చిక్కుకుపోయారు. వాళ్లలో ఎక్కువమంది ఉత్తరాది రాష్ట్రాల నుంచి బతుకుదెరువుకు వచ్చినవాళ్లు. సైన్యం, జాతీయ విపత్తు దళం, సింగరేణి రెస్క్యూ బృందాలు వారాల తరబడి వెతికినా ఒక్కరినీ ప్రాణాలతో తీయలేకపోయారు.

నల్గొండలో వంకరపోయిన కాళ్లతో ఉన్న పిల్లలను చూసినవాళ్లెవరూ ఆ నీళ్లు వద్దనరు. మేమూ అనం. మా కాళ్ల కింది నుంచి పోయే నీళ్లలో మా చెరువులకూ ఒక వాటా చూడమని అడగడం మాత్రం న్యాయమే.

ఇదే ప్రాంతంలో ఎడమగట్టు భూగర్భ విద్యుత్ కేంద్రం ఉంది. ఆరు యూనిట్లు, 900 మెగావాట్లు. 2020 ఆగస్టు 20 రాత్రి అక్కడ జరిగిన అగ్ని ప్రమాదంలో తొమ్మిది మంది చనిపోయారు. రాష్ట్రానికి కరెంటు, పక్క జిల్లాకు నీళ్లు ఇచ్చే చోటు ఇది. ఆ పనుల్లో ప్రాణాలు పోగొట్టుకున్నవాళ్లనూ గుర్తుపెట్టుకోవాలి.

ఇక్కడి చరిత్ర ఎంత వెనక్కి పోతుంది?

శ్రీశైలానికి నాలుగు దిక్కులా నాలుగు ద్వారాలని సంప్రదాయం చెబుతుంది. తూర్పున త్రిపురాంతకం, దక్షిణాన సిద్ధవటం, పడమర అలంపురం, ఉత్తరాన ఉమామహేశ్వరం. ఉమామహేశ్వరం అచ్చంపేట మండలం రంగాపూర్ దగ్గరి కొండ చరియలో ఉంది. అంటే ఉత్తరం నుంచి మల్లన్న దగ్గరికి నడిచిపోయిన భక్తులు తరతరాలుగా తొక్కిన నేల ఇది. మన్ననూరు దగ్గర గుట్టల మీద ప్రతాపరుద్రుడి కోట శిథిలాలున్నాయి. కాకతీయుల పేరు ఇంత దట్టమైన అడవిలో వినిపించడానికి ఈ శ్రీశైలం దారే కారణమని నా నమ్మకం. దారి ఉన్నచోట దాన్ని కాపాడేవాడూ ఉండాలి.

నిజాం కాలానికి వస్తే, అమ్రాబాద్ పేరు మీదే మహబూబ్‌నగర్ జిల్లాలో ఒక తాలూకా ఉండేది. ఆ తర్వాత అచ్చంపేట తాలూకా కేంద్రమైంది. ఫరహాబాద్ నిజాంల షికారు చోటు. అప్పట్లో పెద్దపులిని కొట్టడం దర్జా. ఇప్పుడు అదే ఫరహాబాద్ గేటు దగ్గర పులిని చూద్దామని సఫారీ జీపు ఎక్కుతున్నాం.

1940లో ఆస్ట్రియాకు చెందిన మానవ శాస్త్రవేత్త హైమెన్‌డార్ఫ్ ఈ పై పీఠభూమి మీద చెంచుల మధ్య ఉండి వాళ్ల జీవితాన్ని అధ్యయనం చేశాడు. ఆ తర్వాతే నిజాం ప్రభుత్వం పై పీఠభూమిలో చెంచుల కోసం ప్రత్యేకంగా అడవిని కేటాయించింది. చెంచుల అడవి మీద చెంచులకు హక్కుందని ఒక ప్రభుత్వం కాగితం మీద ఒప్పుకున్నది అప్పుడు. మన గ్రామసభల్లో ఈ సంగతి చెప్పుకోవాలి.

2000ల మధ్య దాకా నల్లమల నక్సలైట్లకు గట్టి స్థావరం. రెండు వైపుల తుపాకుల మధ్య నలిగినవాళ్లు ఇక్కడి ప్రతి ఊళ్లోనూ ఉన్నారు.

చెంచులు ఎవరు? పెంట అంటే ఏమిటి?

నల్లమలకు మొదటి మనుషులు చెంచులు. మాట్లాడేది తెలుగే, తమ యాసలో. ప్రత్యేకంగా వెనుకబడిన ఆదిమ గిరిజన తెగగా కేంద్రం గుర్తించింది. తెలంగాణలో ఆ జాబితాలో ఉన్నవి చెంచు, కోలాం, తోటి, కొండరెడ్డి తెగలు. లోపలి అడవిలో కొద్ది ఇళ్లుగా ఉండే చెంచు గూడేన్ని పెంట అంటారు. అప్పాపూర్, మేడిమల్కల, రాంపూర్, పుల్లాయిపల్లి, కొల్లంపెంట అలాంటివి. వీటిలో కొన్ని పాలన లెక్కల్లో పక్క మండలాలకు వస్తాయి.

తేనె, తప్సి జిగురు, చింతపండు, ఇప్పపువ్వు, సారపప్పు, చిల్లగింజలు సేకరించి గిరిజన సహకార సంస్థకు అమ్ముతారు. తేనె తీయడం చూస్తే చెంచుల జీవితం ఎంత నమ్మకం మీద నడుస్తుందో తెలుస్తుంది. నిట్టనిలువు కొండ చరియకు పెద్ద తేనెపట్టు వేలాడుతుంటుంది. మనిషి కొండ మీది నుంచి తీగలతో పేనిన తాడు పట్టుకుని కిందికి దిగుతాడు. కింద లోయ. చేతిలో పొగ పెట్టే కట్ట, పట్టు కోసే కర్ర. పైన ఆ తాడు పట్టుకునేది బావమరిది. అక్క మొగుడి ప్రాణం తన చేతిలో ఉంది, తాడు జారితే అక్క బతుకు పోతుంది, కాబట్టి వదలడని లెక్క. పట్టంతా కోసుకురారు. పిల్లలున్న భాగం వదిలేస్తారు.

చెంచులు మల్లన్నను తమ అల్లుడిగా చెప్పుకుంటారు. లింగమయ్య, గారెలమైసమ్మ ఇంటి దేవతలు.

ఐటీడీఏ మన్ననూరులో ఉంది. చెంచుల ఇళ్లు, వైద్యం, ఆశ్రమ పాఠశాలలు ఇవన్నీ దాని పని. 2023 నవంబరు 15న మొదలైన పీఎం జన్‌మన్ పథకం కూడా ఇలాంటి ఆదిమ తెగల కోసమే. ఆధార్ గానీ కుల ధ్రువీకరణ పత్రం గానీ లేదని ఎవరైనా తిప్పి పంపితే ముందు ఐటీడీఏకే పోవాలి.

సలేశ్వరం జాతర ఎప్పుడు? ఎలా పోవాలి?

చైత్ర పౌర్ణమికి, ఏటా కొద్ది రోజులే. మిగతా ఏడంతా లోపలికి అనుమతి లేదు. ఫరహాబాద్ దగ్గర హైవే దిగి అడవి దారిలో రాంపూర్ పెంట వైపు బండ్లు పోతాయి. ఆ తర్వాత నడక. గుట్ట దిగి, లోయ పట్టుకుని, రాళ్ల మీద కాలు జారకుండా పోవాలి. పోయేటప్పుడు "వస్తున్నాం లింగమయ్యా", తిరిగి వచ్చేటప్పుడు "పోయొస్తాం లింగమయ్యా" అని అరుస్తూ నడుస్తారు. కొండ మీది నుంచి పడే జలపాతం పక్కన గుహలో లింగమయ్య ఉంటాడు. పూజారులు చెంచులే.

బీపీ, గుండె జబ్బు ఉన్నవాళ్లు ఆలోచించుకుని బయల్దేరాలి. నీళ్ల సీసాలు, కవర్లు లోపల పడేయకండి. జాతర అయ్యాక ఆ ప్లాస్టిక్ ఏరేది చెంచు పిల్లలు.

పొడ తూర్పు ఆవులంటే ఇక్కడివేనా?

ఇక్కడివే. తెల్లని ఒంటి మీద ఎర్రగా, గోధుమ రంగులో పొడలు చల్లినట్టు ఉంటాయి. గిట్టలు గట్టివి, రాళ్ల గుట్టలెక్కుతాయి. దాణా పెట్టకపోయినా అడవిలో మేసి బతుకుతాయి. కోడెలు దుక్కికి పెట్టింది పేరు. పాలమూరు జిల్లాలోని కురుమూర్తి జాతరకు తోలుకుపోయి అమ్ముతారు. అక్కడి రైతులకు తూర్పు దిక్కు నుంచి వచ్చిన పొడల ఎద్దులు కాబట్టి ఆ పేరు వచ్చింది. 2020లో జాతీయ స్థాయిలో ప్రత్యేక జాతిగా నమోదైంది. తెలంగాణ నుంచి అలా గుర్తింపు పొందిన మొదటి పశుజాతి ఇదే.

ట్రాక్టర్లు వచ్చాక గిరాకీ తగ్గింది. అడవిలో మేతకు ఆంక్షలు పెరిగాయి. లంబాడీ, గొల్ల కుటుంబాలు మందలను ఇప్పటికీ మేపుతున్నారంటే అది లాభం చూసుకుని కాదు.

పంచాయతీ పని ఏది, మండలం పని ఏది?

గజిబిజి ఇక్కడే మొదలవుతుంది. 1985లో పాత తాలూకాలు, సమితులు పోయి మండలాలు వచ్చాయి. మండలంలో రెండు ఆఫీసులు పక్కపక్కనే ఉన్నా పనులు వేరు. తహసీల్దార్‌ది రెవెన్యూ: భూమి, కుల, ఆదాయ పత్రాలు, రేషన్. ఎంపీడీఓది అభివృద్ధి: ఉపాధి హామీ, పింఛన్లు, ఇళ్లు, పంచాయతీల పర్యవేక్షణ.

ఊళ్లో ఇప్పుడు నడిచేది 2018 పంచాయతీరాజ్ చట్టం. సర్పంచ్‌ను నేరుగా ఓటుతో ఎన్నుకుంటాం, పార్టీ గుర్తులుండవు. వార్డు సభ్యులు ఉపసర్పంచ్‌ను ఎన్నుకుంటారు. ఈ చట్టంలో చెక్కుల మీద సర్పంచ్, ఉపసర్పంచ్ ఇద్దరి సంతకాలు పెట్టారు. చాలా ఊళ్లలో గొడవలకు మూలం ఇదే. పారిశుధ్యం, వీధిలైట్లు, నర్సరీ, వైకుంఠధామం, ఇంటి పన్ను, జనన మరణ ధ్రువపత్రాలు పంచాయతీవి. రోజూ పని చేసేది పంచాయతీ కార్యదర్శి. ఎంపీటీసీ, జడ్పీటీసీ ఎన్నికలు పార్టీ గుర్తుల మీద జరుగుతాయి. ఎంపీటీసీలు ఎంపీపీని ఎన్నుకుంటారు.

అదే చట్టంతో తండాలు, గూడేలు కూడా పంచాయతీలయ్యాయి. అంతకు ముందు కార్యదర్శి సంతకం కోసం పెద్దూరికి నడిచిపోయిన తండావాళ్లకు అది చిన్న మార్పు కాదు.

2019లో గెలిచిన సర్పంచుల పదవీకాలం 2024 జనవరి ఆఖరుకు ముగిసింది. తర్వాత దాదాపు రెండేళ్లు ప్రత్యేకాధికారుల పాలన నడిచింది. 2025 డిసెంబరులో మూడు విడతల్లో ఎన్నికలు జరిగాయి. ఆ మధ్యకాలంలో అడిగే నాథుడు లేక ఆగిపోయిన పనుల గురించి ఇప్పుడు గ్రామసభలో గట్టిగా అడగండి.

షెడ్యూల్డ్ ఏరియా అంటారు, దానివల్ల మాకు తేడా ఏంటి?

చాలా ఉంది. అప్పటి అచ్చంపేట తాలూకాలోని కొన్ని గ్రామాలను 1950లో రాష్ట్రపతి ఉత్తర్వుతో గిరిజన ప్రాంతాలకు రక్షణ ఇచ్చే రాజ్యాంగం ఐదో షెడ్యూలు కింద చేర్చారు. ఆ గ్రామాలకు పెసా చట్టం, అంటే షెడ్యూల్డ్ ప్రాంతాలకు పంచాయతీరాజ్‌ను విస్తరించే చట్టం, వర్తిస్తుంది. దాన్ని ఉమ్మడి రాష్ట్రంలో 1998లో పంచాయతీరాజ్ చట్టంలో చేర్చారు, 2011లో నియమాలు వచ్చాయి.

పెసా ఉన్నచోట గ్రామసభకు బలం ఎక్కువ. సంక్షేమ పథకాల లబ్ధిదారుల ఎంపిక గ్రామసభదే. ప్రాజెక్టుకు భూమి తీసుకునే ముందు సంప్రదించాలి. చిన్న ఖనిజాల లీజుకు గ్రామసభ సిఫారసు కావాలి. చిన్నతరహా అటవీ ఉత్పత్తుల మీద హక్కు గ్రామసభకే ఇచ్చారు. షెడ్యూల్డ్ గ్రామాల్లో సర్పంచ్ పదవి గిరిజనులకే.

ఇవన్నీ పుస్తకంలో ఉన్నాయి. ఆచరణలో చాలాసార్లు రిజిస్టర్ ఇంటింటికీ తిప్పి సంతకాలు పెట్టించి గ్రామసభ అయిపోయిందంటారు. అలా సంతకం పెట్టకండి. తీర్మానం చదివి వినిపించమనండి. చదివాక పెట్టండి.

ఇక్కడ భూమి కొనొచ్చా? రిసార్టు పెడదామనుకుంటున్నాం.

షెడ్యూల్డ్ గ్రామమైతే గిరిజనేతరులు కొనలేరు. 1959 భూ బదలాయింపు నిబంధనలు, వాటికి 1970లో వచ్చిన సవరణ, జనం 1/70 అని పిలిచేది, దీన్ని స్పష్టంగా నిషేధించాయి. అమ్మేది గిరిజనేతరుడైనా సరే, కొనేది గిరిజనేతరుడైతే ఆ బదలాయింపు చెల్లదు. తెల్ల కాగితం, బాండు పేపరు, బినామీ పేరు ఏదీ నిలబడదు. బ్రోకర్ల మాట నమ్మి డబ్బు పోగొట్టుకోవద్దు.

షెడ్యూల్డ్ కాని గ్రామంలో కొనేముందు తహసీల్దార్ ఆఫీసులో సర్వే నంబరు చూపించి, అటవీ భూమి సరిహద్దు కూడా అడగండి. భూ రికార్డులు 2020 నుంచి ధరణిలో ఉండేవి. 2025 ఏప్రిల్ 14 నుంచి భూభారతి వచ్చింది. తహసీల్దార్ నిర్ణయం నచ్చకపోతే ఆర్డీఓ దగ్గర, ఆ పైన కలెక్టర్ దగ్గర అప్పీలు చేసుకునే దారి ఇందులో ఉంది.

పోడు పట్టా, మామూలు పట్టా ఒకటేనా?

కాదు. పోడు పట్టా 2006 అటవీ హక్కుల చట్టం కింద వస్తుంది. 2005 డిసెంబరు 13కి ముందు నుంచి సాగులో ఉండాలి. గరిష్ఠంగా నాలుగు హెక్టార్లు, అంటే దాదాపు పదెకరాలు. పెళ్లయినవాళ్లకు భార్యాభర్తలిద్దరి పేరు మీద ఇస్తారు. వారసులకు వస్తుంది కానీ అమ్మడానికి వీల్లేదు. గిరిజనేతరులైతే మూడు తరాలుగా, అంటే 75 ఏళ్లుగా అక్కడ ఉన్నట్టు చూపాలి.

దరఖాస్తు మొదట గ్రామసభ ఏర్పాటు చేసిన అటవీ హక్కుల కమిటీకి. తర్వాత డివిజన్ కమిటీ, చివరికి కలెక్టర్ అధ్యక్షతన జిల్లా కమిటీ. తిరస్కరిస్తే కారణం రాతపూర్వకంగా ఇవ్వాలి, అప్పీలుకు అవకాశమివ్వాలి. "పోయింది లే" అని నోటిమాటగా చెబితే ఒప్పుకోకండి. వ్యక్తిగత హక్కులే కాదు, ఊరంతటికీ కలిపి సామూహిక హక్కులు, చెంచుల్లాంటి తెగలకు ఆవాస హక్కులు కూడా ఇదే చట్టంలో ఉన్నాయి. వాటిని అడిగేవాళ్లు తక్కువ. నా లెక్కలో చెంచులకు అసలు కావలసినవి అవే. ఎందుకంటే వాళ్లకు అడవే చేను, దానికి గట్లు లేవు.

ఈ పట్టా భూములకు సోలార్ పంపుసెట్లతో నీళ్లిచ్చే ఇందిర సౌర గిరి జల వికాసం పథకాన్ని 2025 మే 19న ఈ మండలంలోని మాచారంలోనే మొదలుపెట్టారు. పేరు నమోదుకు ఐటీడీఏను అడగండి.

పులుల కోసం ఊళ్లు ఖాళీ చేయిస్తారా?

బలవంతంగా చేయించడానికి చట్టం ఒప్పుకోదు. అమ్రాబాద్ పులుల అభయారణ్యం మొత్తం 2,611 చదరపు కిలోమీటర్లు. అందులో 2,166 కోర్ (పులుల కోసం ఉంచిన లోపలి అడవి), మిగతా 445 బఫర్ (దాని చుట్టూ ఉండే భాగం). మొదట 1983 నుంచి నాగార్జునసాగర్–శ్రీశైలం అభయారణ్యంలో భాగం. రాష్ట్రం విడిపోయాక కృష్ణకు ఇవతలి భాగం అమ్రాబాద్ పేరుతో వేరైంది. సార్లపల్లి, కుడిచింతలబైలు, కొల్లంపెంట, తాటిగుండాల, వటవర్లపల్లి లాంటి ఊళ్ల తరలింపు మాట వినిపిస్తూనే ఉంది.

వన్యప్రాణి చట్టం, అటవీ హక్కుల చట్టం రెండూ ఒకటే చెబుతున్నాయి. ముందు అక్కడివాళ్ల హక్కులు తేల్చాలి. గ్రామసభ ఒప్పుకోవాలి. కుటుంబం తనంత తానుగా ఒప్పుకోవాలి. 2021 నుంచి ప్యాకేజీ కుటుంబానికి 15 లక్షలు. డబ్బుగా తీసుకోవచ్చు, లేదా భూమి, ఇల్లుతో పునరావాసం అడగొచ్చు. సంతకం పెట్టేముందు పోయే చోటు కళ్లతో చూడండి. నీళ్లున్నాయా, భూమి ఎలాంటిది, పిల్లలకు బడి ఎంత దూరం? పోదామనుకునేవాళ్లను ఆపొద్దు. వద్దనేవాళ్లను బెదిరించొద్దు. పులి, చెంచు ఒకే అడవిలో ఎన్ని తరాలుగా ఉన్నారో లెక్క లేదు.

యురేనియం తవ్వకాలు ఆగిపోయినట్టేనా?

2019 మేలో అభయారణ్యంలో 83 చదరపు కిలోమీటర్లలో యురేనియం అన్వేషణకు కేంద్ర అటవీ సలహా కమిటీ సూత్రప్రాయంగా సరేనంది. ఆ వేసవి నుంచి అమ్రాబాద్, పదర ఊళ్లు కదిలాయి. సర్వేకు వచ్చిన వాహనాలను అడ్డుకున్నారు, గ్రామాలు తీర్మానాలు చేశాయి, నగరాల్లో చదువుకునే పిల్లలు దాన్ని రాష్ట్రమంతా వినిపించేలా చేశారు. సెప్టెంబరు 16న తెలంగాణ శాసనసభ వ్యతిరేకంగా ఏకగ్రీవ తీర్మానం చేసింది. పెసా గురించి పైన చెప్పింది ఎందుకు తెలిసుండాలో ఆ నెలల్లో మా ఊళ్లకు బాగా తెలిసొచ్చింది.

రాత్రిపూట ఈ దారిలో పోనిస్తారా?

రాత్రి 9 నుంచి పొద్దున 6 దాకా అడవి దారిలో వాహనాలు పోనివ్వరు. మన్ననూరు, దోమలపెంట దగ్గర ఆపేస్తారు. సఫారీ ఫరహాబాద్ నుంచి ఉంటుంది. వటవర్లపల్లి నుంచి లోపలికి పోతే వచ్చే మల్లెలతీర్థం జలపాతాన్ని వానల తర్వాత చూడాలి. కోతులకు అరటిపండ్లు పెట్టకండి. వాటి కోసం రోడ్డెక్కి బండ్ల కింద పడుతున్నాయి.

చిరుతో పులో పశువును చంపితే ఏం చేయాలి?

పరిహారం అటవీ శాఖ ఇస్తుంది, కానీ రుజువు ఉండాలి. కళేబరాన్ని కదపొద్దు, చర్మం ఒలవొద్దు. వెంటనే బీట్ ఆఫీసర్‌కు ఫోన్ చేయండి. దూరం నుంచి పంజా గుర్తులు, పశువు చెవి ట్యాగు కనిపించేలా ఫొటోలు తీసుకోండి. పశువైద్యుడి పరీక్ష, పంచనామా అయ్యాక పరిహారానికి కాగితాలు కదులుతాయి. పంచనామా నకలు అడిగి తీసుకోండి. నెలలు గడిచినా డబ్బు రాకపోతే ఆ నకలే చేతిలో ఆధారం.

కోపంలో కళేబరానికి ఎండ్రిన్ లాంటి మందు పూయడం పెద్ద నేరం, జైలు తప్పదు. ఆ మాంసం తిని పులే కాదు, కుక్కలు, నక్కలు, రాబందులు చస్తాయి. పశువు చనిపోయిన చోటికి పులి మళ్లీ రావచ్చు కాబట్టి రెండు మూడు రోజులు ఆ పక్కకు మందను తోలకండి, పిల్లలను ఒంటరిగా పంపకండి.